మా అవ్వ నేర్పిన తిట్లు

నా చిన్నప్పుడు బడికి పోకముందు ఇంట్లో నేను నేర్చుకున్నవి అక్షరాలు కావు, తిట్లు. నేర్పింది మా అవ్వ. అవ్వ అంటే నన్ను కన్న తల్లే, మా వైపు అమ్మను అలాగే పిలిచేవాళ్లం. మీ అమ్మ మీకేం నేర్పిందని అడిగితే నలుగురూ పాటలని, పద్యాలని, పొదుపని చెబుతారు. నేను ఈ మాట చెప్పి ఎదుటివాళ్ల మొహం చూస్తూ కూర్చుంటాను. కొందరు నవ్వుతారు. కొందరు ముసలామెకు మతి తప్పుతోందేమోనని జాలిగా చూస్తారు. నా మతికేమీ కాలేదు. ఆ పాఠం మొత్తం ఇంకా గుర్తుంది, అదే నా బాధ.

మాది ఎల్లారెడ్డికి దగ్గర్లో ఒక ఊరు. ఊరు వేరు, మేముండే మాదిగవాడ వేరు. మధ్యలో ఒర్రె అని ఒక చిన్న వాగు, దాని గట్టున తుమ్మకంప. మా బాపు బొంబాయిలో మట్టిపనికి పోయి ఏడాదికోసారి ఇంటికి వచ్చేవాడు. అవ్వ పటేలు పొలాల్లో నాట్లు వేసి, కలుపు తీసి మా అన్ననూ నన్నూ సాకేది. బడి ఊరి నడుమ పటేలు ఇంటికి ఎదురుగా, ఒకప్పుడు వాళ్లు వడ్లు పోసుకున్న పాత కొట్టంలో నడిచేది. వాడ పిల్లలు బడికి రాకూడదని ఎవరూ అనలేదు. రావచ్చు. వచ్చి బయట అరుగు మీద కూర్చోవచ్చు. లోపల పంతులు చెప్పేది కిటికీలోంచి వినపడినంత వినవచ్చు. వానొస్తే ఇంటికి పోవచ్చు. మా అన్న అట్లా కొన్నేళ్లు కిటికీ చదువు చదివాడు. ఎక్కాలు గడగడా అప్పజెప్పేవాడు కాని అంకెలు రాయడం వచ్చేది కాదు. లోపలి నల్లబల్ల అరుగు మీదికి కనపడదు కదా.

ఆ ఏడు కామారెడ్డి నుంచి కొత్త సారు వచ్చాడు. పడుచువాడు, సన్నగా గాలికి పడిపోయేటట్టు ఉండేవాడు. ఎల్లారెడ్డిలో గది తీసుకుని సైకిలు మీద వచ్చిపోయేవాడు. ఒకనాడు ఆ సైకిలును ఒర్రె దాటించుకుని ఏకంగా వాడలోకే వచ్చేశాడు. మా ఇంటి ముందు నిలబడి మంచినీళ్లు అడిగాడు. అవ్వ కదలలేదు. ఊరివాళ్లు మా నీళ్లు తాగడం ఆమె పుట్టి ఎరగదు. తాగితే ఆ పాపం ఎవరి మెడకు చుట్టుకుంటుందోనని ఆమె భయం. సారు కాసేపు చూసి తనే కుండ దగ్గరికి పోయి ముంచుకుని తాగాడు. దసరా సెలవులు కాగానే వాడ పిల్లలు గదిలోపలే, అందరి పక్కనే కూర్చోవాలని, సర్కారు హుకుం కూడా అదేనని చెప్పి వెళ్లిపోయాడు.

ఆ సాయంత్రం వాడంతా మా వాకిట్లోనే ఉంది. “సారు ఇయ్యాల ఉంటడు, రేపు బదిలీ అయితడు. మనం యాడికి పోతం?” అన్నాడు వాడ పెద్దమనిషి. ఆయన మాటలో తప్పేమీ లేదు. పని పటేలు దగ్గర, గింజలు పటేలు దగ్గర, ఇండ్లున్న నేల కూడా పటేలుదే. అందరూ తమ పిల్లల్ని పంపేది లేదన్నారు. అవ్వ మాత్రం పంపుతానంది. అరుగు మీద కూర్చుంటే అరుగు మీది చదువే వస్తుందని, అది తన కొడుకుకు చాలా అయిందని అంది. అందరూ ఆమెను పిచ్చిదాన్ని చూసినట్టు చూసి లేచిపోయారు.

మర్నాటి నుంచి మా పాఠాలు మొదలయ్యాయి. పొద్దు గూకకముందు, పొయ్యి అంటించకముందు అవ్వ మమ్మల్ని వాకిట్లో గోనెసంచి పరిచి కూర్చోబెట్టేది. ముందర పలకలు పెట్టేది. తాను నిలబడి పటేలు కొడుకయ్యేది, కాసేపటికి పటేలు భార్యయ్యేది, ఇంకాసేపటికి ఊళ్లో కాపుల పిల్లలందరూ అయ్యేది. “ఎవలేమన్న అననీ, పలక దిక్కే సూడుండ్రి. తల లేపొద్దు. మారు మాట్లాడొద్దు. ఏడ్వొద్దు. దూపైతే ఓర్సుకోండ్రి గని కుండ దిక్కు పోవద్దు. ఇంటికి ఉరికి రావొద్దు.” ఇవీ సూత్రాలు. మమ్మల్ని ఇవి అప్పజెప్పమనేది, తర్వాత పరీక్ష పెట్టేది.

మొదట్లో అది మాకు ఆటే. మా అవ్వ అంత బాగా వేషం కడుతుందని మాకేం తెలుసు! పటేలు దగ్గు దగ్గి, లేని మీసం దువ్వి, లేని పంచె కుచ్చిళ్లు ఎత్తిపట్టి నడుస్తుంటే వాడలో పిల్లాజెల్లా చేరి పొట్టలు పట్టుకుని నవ్వేవాళ్లు. పటేలు భార్య మమ్మల్ని చూసి కొంగుతో ముక్కు మూసుకున్నట్టు చేసినప్పుడు మా అన్న నవ్వి నవ్వి గోనెసంచి మీద దొర్లాడు. నవ్వినందుకు అవ్వ వాణ్ని లేపి మళ్లీ కూర్చోబెట్టింది. నవ్వడం కూడా తప్పే, పలక చూడాలంతే.

ఆ తర్వాత తిట్లు వచ్చాయి. చిన్నవాటితో మొదలుపెట్టి రోజు రోజుకూ పెద్దవాటికి పోయింది. ఆమెకు తెలియని తిట్టు లేదు. బుద్ధెరిగినప్పటి నుంచి పొలంలో ఆమెను పిలిచే పిలుపులు అవే. నేను ఏడిస్తే ఆగేది. ఓదార్చేది కాదు. నా ఏడుపు అయ్యేదాకా నిలబడి, అయ్యాక అదే తిట్టు మళ్లీ తిట్టేది. మా అన్నకు ఏడుపు రాదు, కోపం వస్తుంది. ఒకనాడు దోసెడు మట్టి తీసి ఆమె మీద చల్లాడు. కండ్లు తుడుచుకుని “పటేలు కొడుకు మీద గిట్లనే సల్లుతవా? సల్లితే ఏమైతది?” అని అడిగింది. వాడు జవాబు చెప్పేదాకా వదల్లేదు.

చూసి చూసి పక్కింటి ముసలవ్వ ఒకరోజు కర్ర పట్టుకుని మా వాకిట్లోకి వచ్చింది. “ఏందే, నీకేమన్న పురుగు తొలుస్తుందా? కన్నపిల్లల్ని గా మాటలంటవా?” అని మీదికి పోయింది. అవ్వ తగ్గలేదు. “నేను ముందుగాల్ల అంటే, రేపు ఆళ్లు అనేటియన్ని నా ఎంగిలి అయితయి. నా ఎంగిలి తినేటోళ్లను సూసి నా పిల్లలు ఎందుకేడుస్తరు?” అంది. ముసలవ్వ కర్ర ఊనుకుంటూ తన ఇంటికి మళ్లింది. ఎంగిలి అంటే ఏమిటో మాకు తెలుసు. పటేలు ఇంట్లో పండగైతే మిగిలిన అన్నం మర్నాడు మా వాడకు వచ్చేది. మేం తినేవాళ్లమే. మా ఎంగిలి ఊరివాళ్లు తినడమనే ఊహ మాకు ఎంత నచ్చిందో! ఆ రోజు నుంచి నేను ఏడవడం మానేశాను.

సెలవులు అయిపోవస్తుండగా ఒక్క తిట్టు మిగిలింది. అది పిల్లల్ని అనేది కాదు, పిల్లల పుట్టుకను పట్టుకుని వాళ్ల తల్లిని అనేది. ఇక్కడ రాయను. ఆ మాటను అవ్వ మా మొహాలు చూస్తూ అనలేకపోయింది. రెండుసార్లు నోరు తెరిచి మూసింది. చివరికి గోడ వైపు తిరిగి నిలబడి గట్టిగా అనేసింది. తన గురించి తనే అట్లా అనుకుంది. మేం పలకలే చూస్తున్నాం, నేర్పినట్టే. ఆమె కుండ దగ్గరికి పోయి నీళ్లతో నోరు పుక్కిలించి ఉమ్మేసి, పొయ్యి అంటించింది. ఆ పూట మా ఇద్దరికీ తన చేత్తోనే కలిపి తినిపించింది. అప్పుడు నాకు అది గారాబమనే అనిపించింది.

బడికి పోయే రోజు తలంటి, నూనె రాసి, జుట్టు లాగి బిగించి జడ వేసింది. ఒర్రె దాకా వచ్చి అక్కడే ఆగిపోయింది. సారు మమ్మల్ని గదిలోపల, మధ్య వరుసలో కూర్చోబెట్టాడు. మా చుట్టూ ఉన్న పిల్లలు చాపలు లాక్కుని దూరం జరిగారు. సారు పక్కకు తిరగ్గానే మొదలుపెట్టారు. మా అన్నా నేనూ పలకలు చూస్తూనే విన్నాం. పాపం, వాళ్లకు వచ్చినవి నాలుగే తిట్లు! అవీ చప్పచప్పగా ఉన్నాయి. మా అవ్వ అయితే ఇంతలో పదహారు రకాలుగా అని ఉండేది. అన్న ఓరకంట నన్ను చూశాడు. మాకు నవ్వొచ్చి పెదాలు కొరుక్కున్నాం. ఇంటికి పోయి చెబితే అవ్వ నమ్మలేదు, గుచ్చి గుచ్చి అడిగింది. అంతేనా, ఇంకేమీ అనలేదా అని. అంతే అన్నాం. అప్పుడు నవ్వింది. అట్లాంటి నవ్వు ఆమె మొహంలో అంతకుముందు నేను చూడలేదు.

అలా కొన్నాళ్లు గడిచాయి. పిల్లలకు మమ్మల్ని తిట్టడం విసుగొచ్చింది. మా వెనకాల కూర్చునే ఒక పిల్ల నా పలక మీద బలపం ముక్క కూడా పెట్టింది. అన్న అంకెలు రాయడం నేర్చుకున్నాడు. ఇంటి గోడ నిండా బొగ్గుతో అవే అంకెలు. ఇంక అంతా సర్దుకుపోయినట్టే అనుకుంది మా అవ్వ. అట్లా అనుకోబట్టే ఆ తప్పు చేసింది.

అది తప్పని నేననను. కాని మా వాడ మనుషులు తప్ప ఇంకెవరూ చేయగలిగిన తప్పు కాదది. తుమ్మముళ్ల దారి కాబట్టి పొలానికి పోయేటప్పుడు అవ్వ చెప్పులు వేసుకునేది. ఊరి మొదట్లో విప్పి చేత పట్టుకుని, ఊరు దాటాక మళ్లీ తొడుక్కునేది. మా వాడలో అందరూ అంతే. ఆలోచించి చేసే పని కాదది, కాళ్లకు అలవాటైపోయినది. ఆ రోజు కలుపు పని మధ్యాహ్నమే అయిపోయింది. పిల్లలు గదిలోపల కూర్చుని రాస్తుంటే ఒక్కసారి కళ్లారా చూడాలని ఆమెకు ఆశ పుట్టింది. ఇంతవరకూ చెప్పగా వినడమే గాని చూసింది లేదు. ఆ సంబరంలో గబగబా వచ్చేసింది. మాకు ఊరి రివాజులన్నీ అప్పజెప్పించిన మనిషి కాళ్లకున్న చెప్పుల సంగతి మరిచిపోయింది.

కిటికీ దగ్గర నీడ పడితే తలెత్తి చూశాను. చేతిలో కొడవలి, తల మీద కొంగు, మా అవ్వ. నన్ను చూడడం లేదు, నేను రాస్తున్న చేతిని చూస్తోంది. నాకు సంతోషమైంది. అంతలో ఎదురింటి అరుగు మీద నుంచి పటేలు కేక వినిపించింది.

ఆయన దిగి వచ్చాడు. అవ్వను బడి వాకిట్లో నిలబెట్టి తిట్టడం మొదలుపెట్టాడు. నేను వెంటనే పలక వైపు చూశాను. నేర్పింది నేర్పినట్టే చేశాను. తల ఎత్తలేదు, ఏడవలేదు. ఆయన కొత్తగా ఏమీ అనలేదు. అన్నీ మా వాకిట్లో మేం విన్నవే. అవ్వ గోడ వైపు తిరిగి అన్న మాట కూడా అన్నాడు, ఆమె మొహం మీదే అన్నాడు. ఎంగిలి, ఎంగిలి అని లోపల ఎన్నిసార్లు అనుకున్నానో. అవి ఎంగిలి కాలేదు. ఎందుకంటే ఈసారి తిట్లు మాకు కావు. అవ్వ గొంతు సన్నగా వినపడుతోంది. “తప్పైంది పటేలా, నీ బాంచెను, కాల్మొక్త.” సారు బయటికి పోయి ఏదో నచ్చజెప్పబోతే పటేలు ఆయన్నీ కసిరాడు. ఆ చెప్పులు నెత్తి మీద పెట్టుకుని ఊరు దాటమని అవ్వకు చెప్పాడు. గదిలో ఒక్క పిల్లా నవ్వలేదు. అందుకు వాళ్లను ఇప్పటికీ దీవిస్తాను.

మా అన్న లేచాడు. నా పక్క నుంచి వాడి కాళ్లు పోవడం నేను పలక మీద నుంచే చూశాను. తర్వాత జరిగింది వెనక కూర్చున్న పిల్లలు చెబితే తెలిసింది. వాడు పటేలును ఏమీ అనలేదు, మట్టీ చల్లలేదు. అవ్వ దగ్గరికి పోయి ఆమె నెత్తి మీది చెప్పులు తీసి ఆమె పాదాల ముందు పెట్టాడు. వంగి, జతగా, తొడుక్కోవడానికి వీలుగా పెట్టాడు. పటేలు వాణ్ని కొట్టిన దెబ్బ చప్పుడు మాత్రం నేనే స్వయంగా విన్నాను. అవ్వ ఆ చెప్పులు తొడుక్కోలేదు. ఒక చేత్తో వాటినీ, ఒక చేత్తో వాణ్నీ పట్టుకుని ఒర్రె వైపు పోయింది. నేను గంట కొట్టేదాకా అక్కడే కూర్చున్నాను.

ఇంటికి పోయేసరికి ఊరి నుంచి మాట వచ్చేసింది. పిల్లగాడు ఇంక బడి గడప తొక్కకూడదు, పటేలు బర్లను కాయాలి. పిల్ల కావాలంటే కూర్చోవచ్చు, ఆడపిల్ల ఎన్నాళ్లు కూర్చుంటుందిలే అన్నాడట. అవ్వ ఒప్పుకుంది. ఒప్పుకోక ఏం చేస్తుంది! రేపటి కూలీ ఆయన దగ్గరే. అన్న లేచి గోడ మీది బొగ్గు అంకెలను అరచేత్తో తుడిచేశాడు. అవ్వ వద్దనబోయి ఆగిపోయింది.

తర్వాత ఆమె పొయ్యి ముందు కూర్చుని నన్ను దగ్గరికి పిలిచింది. మంట వైపే చూస్తూ అడిగింది. “పటేలు నన్నేమన్నడో ఇన్నవా బిడ్డా?”

ఆమె నాకు చాలా నేర్పింది కాని ఈ ప్రశ్నకు జవాబు నేర్పలేదు. “ఇనలే అవ్వా. పలక సూసుకుంట ఉన్న” అన్నాను. ఆమె తల ఊపి “మంచి పని జేసినవ్” అంది. బడి మొత్తం విన్నదని ఆమెకు తెలుసు. నాకూ తెలుసు.

చెప్పాల్సినవి ఇంకొన్ని ఉన్నాయి. ఆ సారుకు సంక్రాంతి లోపలే బదిలీ అయింది, వాడ పెద్దమనిషి చెప్పినట్టే. నా పక్క చాప మీద మళ్లీ వాడ పిల్లలు కూర్చోవడానికి చాలా కాలం పట్టింది. అన్న బర్లు కాచి కాచి, మీసాలు రాగానే బాపు వెంట బొంబాయి పోయాడు. అక్కడి నుంచి వాడు పంపినదానితోనే నేను టీచరు ట్రైనింగు పూర్తి చేశాను. గాంధారి తండాల్లో, ఎల్లారెడ్డిలో పాఠాలు చెప్పి, కామారెడ్డిలో ఇల్లు కట్టుకున్నాను. పెద్దయ్యాక ఒకసారి వాణ్ని అడిగాను, అవ్వ అంత నేర్పితే ఎందుకు లేచావని. వాడు బీడీ ఆర్పేసి, “అవ్వ నేర్పిందంత మనల్ని తిడితెనే గదనే. అవ్వను తిడితే ఏం జెయ్యాల్నో నేర్పలే” అన్నాడు. ఆ మాటకు నేను ఇప్పటికీ ఏడుస్తాను. వాడు పోయి చాలా ఏళ్లయింది. నా చదువు నా ఒక్కదానిదే కాదని, సగం వాడి దగ్గర్నుంచి తీసుకున్నదేనని తలుచుకోని రోజు లేదు.

అవ్వ చివరి రోజులు నా దగ్గరే గడిపింది. మాట తగ్గిపోయింది, మనుషుల్ని సగం సగం గుర్తుపట్టేది. ఒక మధ్యాహ్నం నేను అన్నం కలిపి తినిపిస్తుంటే నా చెయ్యి పట్టి ఆపింది. చాలా మామూలుగా అడిగింది. “ఆనాడు నువ్వు నిజంగ ఇనలే గదా బిడ్డా?” ఏనాడని నేను అడగలేదు. ఇన్నేళ్లూ ఆ అనుమానాన్ని మోసిందన్నమాట. అన్న విన్నా, కనీసం నేను వినలేదేమోనని ఒక్క ఆశ మిగుల్చుకుందన్నమాట.

“ఇనలే అవ్వా” అన్నాను. ఆమె నోరు తెరిచి ముద్ద తీసుకుంది.

అబద్ధం చెప్పకూడదని జీవితమంతా పిల్లలకు చెప్పినదాన్ని. ఈ అబద్ధాన్ని మాత్రం ఆమె మళ్లీ వచ్చి అడిగినా చెబుతాను. ఆ బడి వాకిట్లో పటేలు అన్న మాటలు ఒక్కటి కూడా పొల్లు పోకుండా, వరుస కూడా తప్పకుండా నాకు గుర్తున్నాయి. నా పిల్లలకు చెప్పలేదు, మనవలకు చెప్పలేదు. మా అవ్వను అన్న మాటలు అవి. నాతోనే పోవాలి.